స్టవ్వు వెనక గోడ

గాజు మోసుకుని బస్సెక్కినవాణ్ణి చూస్తే కండక్టర్లకు ఎందుకో ఒళ్ళు మండుతుంది. పుంగనూరులో ఎక్కింది మొదలు మదనపల్లెలో దిగేదాకా మొయినుద్దీన్ తిట్లు తింటూనే ఉన్నాడు. తినక ఏం చేస్తాడు? పాత దుప్పట్లో చుట్టిన మూడడుగుల పలక మోకాళ్ళ మధ్య ఉంది. జవాబు చెప్పబోతే పట్టు ఎక్కడ జారుతుందోనని భయం. ముప్పై ఏళ్ళుగా పటాలకు అద్దాలు బిగిస్తున్నాడు గానీ, వంటింటి గోడకు గాజు బిగించడం ఇదే మొదలు.

ఆ పని అప్పగించింది దయామణి. మిషన్ ఆసుపత్రిలో నర్సు. ఆసుపత్రి వాళ్ళిచ్చిన క్వార్టర్సులో ఒక్కతే ఉంటుంది. అతను చేరేసరికి నైట్ డ్యూటీ దిగి వచ్చి, తెల్లచీర కూడా మార్చుకోకుండా కాఫీ పెట్టి ఇచ్చింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"నిద్రపోకుండా నాకోసరం కాసుకోనుండారా సిస్టరమ్మా?"

"పగలు పండుకోనప్పా నేను. నాలుగేండ్లయిపాయ ఆ పని మానేసి," అంటూ అతణ్ణి వంటింట్లోకి తీసుకుపోయింది.

ఇల్లంతా తెల్లగా ఉన్నా స్టవ్వు వెనక మాత్రం గోడకు ఏళ్ళ తరబడి సున్నం పడలేదు. కిరసనాయిలు మసికి బూడిదరంగు తిరిగింది. ఆ మసిలో వరసలు వరసలుగా పెన్సిలు రాతలు. వారం కిందట కొలతలు తీసినప్పుడే మొయినుద్దీన్ వాటిని చూశాడు, అడగడానికి మొహమాటపడ్డాడు. ఇవాళ ఆమే చెప్పింది.

"మా ఆయన రాసినవి. రాజరత్నమని, ఈ ఆసుపత్రిలోనే కాంపౌండరు. ఆయనది పగలు డ్యూటీ, నాది రాత్రి. నేనొచ్చేతలికి ఆయన పోయుంటాడు. ఆయనే ఈడ నిలబడి వంట చేస్తా, నాకు చెప్పాల్సింది గోడ మీద రాసిపెట్టి పొయ్యేవాడు." ఒక్కో వరస మీదా వేలు ఆనీ ఆనకుండా జరుపుతూ చదివింది. "పాలు కాచినా. కుప్పం నుంచి తమ్ముడు వస్తాండాడు. గొడుగు మరిసిపోవద్దు."

అయిదో వరస దగ్గర వేలు ఆగింది. "ఇదే ఆఖరుది. దీనికింద ఏమీ లేదు సూడు. ముందుదినం పప్పులో ఉప్పెక్కువుందని ఆయనన్యాడు. నేను గరిటె ఇసిరికొట్టి డ్యూటీకి పోయినా. పొద్దున వచ్చి గోడ సూస్తే ఏమీ రాయలేదు. ఇంకా కోపం పోలేదనుకోని నేనూ పంతానికి పండుకున్యా. పదకొండు గంటలకు తలుపు బాదినారు. మందుల గదిలోనే గుండె ఆగి పడిపోయినాడంట. నూరడుగుల దూరంలో నేను గుర్రుపెట్టి నిద్రపోతాండా."

మొయినుద్దీన్ కాఫీ గ్లాసు గట్టు మీద పెట్టాడు.

దయామణే తేరుకుని పని సంగతికి వచ్చింది. సోమవారం సున్నం వేసేవాళ్ళు వస్తారు. ఏటా బతిమాలి ఈ గోడను తప్పిస్తూ వచ్చింది గానీ, ఈసారి ఒక్క గోడ కూడా వదిలేది లేదని పైనుంచి మాటొచ్చింది. గాజు బిగించి ఉంటే దాని చుట్టూ వేసుకుపోతారు. గ్యాసు స్టవ్వు కూడా వస్తోంది, తిరగమాత చిందినా తుడుచుకోవచ్చు.

"పెన్సిలేనా సిస్టరమ్మా, సిరా గాదు గదా?" అని అడిగాడు. పటాల పనిలో మొదట అడగాల్సిన ప్రశ్న అది. సిరా మీద నీటిబొట్టు పడితే చెరిగిపోతుంది, పెన్సిలుకు ఆ భయం లేదు.

"పెన్సిలే అప్పా," అని చెప్పి, పన్నెండుకల్లా వస్తానని ఆమె గ్యాసు ఆఫీసుకు వెళ్ళింది.

గోడ పాతది, మట్టి కట్టుబడి మీద సున్నపు పూత. నాలుగు మూలలా రంధ్రాలు చేసి, వాటిలో చెక్కముక్కలు దిగగొట్టి, ఆ చెక్కలకు ఇత్తడి క్లిప్పులు మరలతో బిగించాలి. సుత్తికి గుడ్డ చుట్టి కొడుతున్నా ప్రతి దెబ్బకూ సున్నం రాలుతోంది. ఒక దెబ్బ కొట్టడం, రాతల వైపు చూడడం. మూడో రంధ్రం దగ్గర అరచేయంత పెచ్చు ఉబ్బింది. దాన్ని బొటనవేలితో అదిమిపట్టి, చెక్కను ఒంటిచేత్తోనే దిగగొట్టాడు. నాలుగూ అయ్యేసరికి చొక్కా తడిసి ముద్దయింది. ఒక్క అక్షరం కూడా పోలేదు. హమ్మయ్య అనుకున్నాడు పాపం.

ఇక చెక్కలు కదలకుండా చుట్టూ సిమెంటు మెత్తాలి. ఎండిన గోడకు సిమెంటు అంటదు, ముందు తడపాలి. సన్నగా తడపాలంటే అతను ఎప్పుడూ చేసే పద్ధతే ఒకటుంది. నోటినిండా నీళ్ళు పట్టి, ఇస్త్రీ వాళ్ళు బట్టల మీద చిమ్మినట్టు పై మూలల మీద ఫూమని చిమ్మాడు.

మొదట ఒక ఊదా చుక్క కనిపించింది. ఏమిటా అని దగ్గరికి వంగాడు. చుక్క పెరిగింది. దాని పక్కన ఇంకోటి. చూస్తుండగానే బూడిదరంగు రాతలన్నీ ఊదారంగుకు తిరిగి, పై వరసల అక్షరాలు కరిగి కిందికి కారడం మొదలుపెట్టాయి.

"యా అల్లా!" మామూలు పెన్సిలు కాదది. తుడుద్దామని తువ్వాలు ఎత్తి, గోడకు ఆనించబోయి ఆగిపోయాడు. తుడిస్తే అలుక్కుపోతుంది.

అప్పుడే కింద చూశాడు. సన్నని తుంపర మాత్రమే పడిన చోట, అయిదో వరస కింద, ఏమీ లేదని ఆమె వేలుపెట్టి చూపించిన చోట, మసిలోంచి ఊదా అక్షరాలు ఒక్కొక్కటే పైకి తేలుతున్నాయి. ఒత్తకుండా లీలగా రాసినవేమో, మసిలో మసిలా కలిసిపోయి ఇన్నాళ్ళూ ఎవరి కంటా పడని వరసలు. ఒకటి కాదు, రెండు.

అతనికి తెలుగు చదవడం రాదు. అయితే ఏం, అవి ఎప్పటివో అర్థమైంది. పైనుంచి కారే చారలు జానెడు దూరంలోకి వచ్చేశాయి.

గాజు అంచులకు పెట్టే లప్పం కోసం తెచ్చిన సుద్దపొడి డబ్బాలో గుప్పెడు ఉంది. తడి పీల్చడానికి అంతకుమించింది లేదు. కానీ గుప్పెడే. పైన అయిదు వరసలు, కింద రెండు. పైవి ఆమెకు కంఠతా వచ్చు, కిందవి ఇంతవరకు ఎవరూ చదవలేదు. పొడినంతా తీసి కింది వరసల మీద మెత్తగా అద్దాడు. తువ్వాలును గోడకు అడ్డంగా పట్టి, కారుతున్న రంగు కిందికి దిగకుండా ఆపాడు. భుజాలు నొప్పెట్టినా చెయ్యి దించలేదు. అతని కళ్ళెదుటే పాలూ, తమ్ముడూ, గొడుగూ అన్నీ కలిసి ఒక ఊదా మరక అయిపోయాయి.

గబగబా గాజు బిగించేసి పుంగనూరు బస్సెక్కితే? ఆ ఆలోచన రాలేదంటే అబద్ధం. అది వచ్చినందుకు తనమీద తనకే అసహ్యం వేసింది. తువ్వాలు పట్టుకుని అక్కడే నిలబడ్డాడు.

దయామణి గుమ్మంలోనే ఆగిపోయింది.

"ఏం జేసినావప్పా?"

"నీళ్ళు సల్లినానమ్మా. పెన్సిలని సల్లినా. పైవి పోయినాయి. తప్పు నాదే."

ఆమె ఊదా మరకకేసి వంగి చూసింది. "ఆసుపత్రిలో చీట్లు రాసే పెన్సిలది. తడి తగిల్తే ఊదాగా అయితాది. దినామూ పట్టుకునేదాన్ని, నాకే జ్ఞాపకం రాకపాయనే." అంటూనే కింద ఆరుతున్న సుద్దను చూసింది. "అదేంది?"

అతను వంగి మెల్లగా ఊదాడు. తెల్లపొడి రాలింది.

"ఇది నువ్వు రాసినావా?" కరుకుగా అడిగింది.

"నాకు తెలుగు రాయను రాదమ్మా. సదవనూ రాదు. ఏముండాది దాన్లో?"

దయామణి స్టవ్వు గట్టు పట్టుకుని వంగి, పసిపిల్లలా కూడబలుక్కుంటూ చదివింది.

"దయా, ఉప్పు సరిగ్గానే ఉండాది. నిన్నటి నుంచి నా నోరే బాగలేదు. రొమ్ము బరువుగా ఉండాది, డాక్టరుకు చూపించుకుంటా. నువ్వు అలిసిపోయి వస్తావు. ఎవరు పిలిచినా లెయ్యొద్దు, బాగా నిద్రపో."

మళ్ళీ చదివింది. పైట చెంగుతో మొహం తుడుచుకుని, "పైవి నాకు నోటికొచ్చు లేప్పా. గాజు బిగించు," అని ముందుగదిలోకి వెళ్ళింది.

చెక్కల చుట్టూ సిమెంటు మెత్తి, అది గట్టిపడేదాకా ఆగాడు. తడి గోడకు గాజు అంటుకుంటే లోపల చెమ్మ పడుతుంది. అందుకని క్లిప్పుల వెనక చెక్కబిళ్ళలు పెట్టి, గాలి ఆడేలా వేలెడు సందు వదిలాడు. సుత్తి ముట్టుకోలేదు. మరలన్నీ చేత్తోనే తిప్పి బిగించాడు. చివరి మర బిగిసేసరికి మూడు దాటింది.

చెప్పి వెళదామని ముందుగదిలోకి వచ్చాడు. దయామణి కుర్చీలోనే, తెల్లచీరలోనే, తల ఒక పక్కకు వాల్చి నిద్రపోతోంది. గ్యాసు కాగితం ఒళ్ళోంచి జారి నేలమీద పడింది. అతను చెప్పులు చేత పట్టుకుని గుమ్మం దాటాడు.

ఆసుపత్రి ఆయా యేసమ్మ గేటు తీసుకుని వస్తూ, "సిస్టరమ్మా, ఓ సిస్టరమ్మా!" అని పిలుస్తోంది.

మొయినుద్దీన్ గబగబా ఎదురుపోయి చెయ్యి అడ్డం పెట్టాడు.

"అరవద్దమ్మా. నిద్రపోతాండాది. లేపొద్దు."