చప్పుడు లేని నాటకం

మా అన్నయ్యను మిల్లు గేటు దగ్గర పోలీసులు కాల్చి చంపడం కళ్లారా చూశాను. మర్నాడు దేశాధినేత రేడియోలో మాట్లాడుతూ, అసలు కాల్పులే జరగలేదన్నాడు. అది విని మా వదిన ఏడవలేదు. సోడా మూతలు ఏరుకొచ్చి అన్నయ్య కోటుకు పతకాల్లా కుట్టింది.

ఆ కోటు తొడుక్కుని, షిఫ్టు వదిలే వేళకు గేటు ముందు ఆ దేశాధినేత వేషం కట్టింది.

"గుండు దాని దారిన అది పోతోంది. మీవాడే అడ్డమొచ్చాడు. గుండుకు క్షమాపణ చెప్పండి."

జనం పొట్ట చెక్కలయ్యేలా నవ్వారు. నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నారు.

వెంటనే ఉత్తర్వు దిగింది. ఆ నాటకంలో ఒక్క మాట వినబడినా, పలికినవాళ్లకు జైలు.

యూనియన్ గదిలో పెద్ద గొడవైంది. "చంటిపిల్ల తల్లివి. నువ్వు లోపలికెళితే దాన్ని ఎవరు చూస్తారమ్మా?" అన్నాడు ముసలి ఫిట్టర్.

"వాళ్ల నాన్నని ఎవరూ కాల్చలేదంటున్నారు బాబాయ్. రేపు అది అడిగితే నేనూ అదే చెప్పనా?"

వదిన కోటు భుజాన వేసుకుని లేచింది.

"అయినా వినబడితేనేగా జైలు. మగ్గాల దగ్గర మనం వినబడేట్టే మాట్లాడుకుంటున్నామా?" అంది వదిన.

నిజమే. మరమగ్గాల మోతలో ఎవరి మాట వాళ్లకే వినబడదు. పెళ్లి సంబంధాలైనా, సూపర్‌వైజర్ మీద తిట్లైనా పెదవుల కదలిక చూసే తెలుసుకుంటాం.

మర్నాడు వదిన గేటు ముందున్న పీపా ఎక్కి పెదవులు మాత్రమే కదిపింది. షిఫ్టు షిఫ్టంతా విరగబడి నవ్వింది. ఇన్‌స్పెక్టర్ దగ్గరికొచ్చి చెవి ఒగ్గాడు. జనం ఇంకా నవ్వారు.

వాడికి ఒళ్లు మండింది. "ఏం కూసిందో చెప్పండ్రా."

ఎవరూ చెప్పలేదు. వదినను కిందికి లాగి, కోటు ఊడబెరికి బురదలో పారేశాడు. ఉత్తర్వు ప్రకారం ఆమె తప్పేమీ లేదు. ఆ సిగ్గు వాడికుంటేగా. వ్యానులోకి తోసి తలుపేశారు.

కిటికీ ఊచల వెనక వదిన పెదవులు కదిలాయి. ఈసారి అది నాటకం కాదు.

"పాప జాగ్రత్త."

నాతోనే అంది. కానీ షిఫ్టంతా ఆ మాట చూసింది, షిఫ్టంతా తలూపింది. నాకు దుఃఖం ఆగలేదు.

వ్యాను మలుపు తిరిగింది. ముసలి ఫిట్టర్ బురదలోంచి కోటు తీసి, దులిపి, తొడుక్కున్నాడు. పోలీసులు చూస్తూనే ఉన్నారు. పీపా ఎక్కడానికి నేను చెయ్యందించాను.