ఏడక్షరాలు

తాత విగ్రహం కింద పెట్టే శిలాఫలకం మీది రాత సరిచూసి సంతకం పెట్టింది నేనే. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటిదాన్ని కదా, ఆ పని నాకు అప్పజెప్పారు. ఒత్తులు చూశాను, దీర్ఘాలు చూశాను. అచ్చుతప్పు ఒక్కటీ లేదు.

ఆవిష్కరణ రేపనగా, నాయనమ్మను రాళ్ళు చెక్కే మేస్త్రి షెడ్డుకు తీసుకెళ్ళాను. ఆమెకు చదవడం రాదు. తాత అక్షరాలు పేర్చే కంపోజిటరుగా ఉన్న ప్రెస్సులో ఇరవై ఏళ్ళు, అచ్చయిపోయిన సీసపు అక్షరాలను విడదీసి ఏ గడివి ఆ గడిలో వేసింది. తిరగేసిన అక్షరమైతేనే ఆమెకు చుట్టం. ఫలకం మీది పెద్ద వాక్యాన్ని వేలితో లెక్కపెట్టింది. మళ్ళీ లెక్కపెట్టింది.

“తొమ్మిదున్నాయేమే? మీ తాతవి ఏడేగా!”

అప్పుడు చూశాను. తాత కరపత్రం మీద వేసింది ‘దొరతనం పోవాలి’. రాతి మీదున్నది ‘తెల్లదొరతనం పోవాలి’.

ఆ ఏడక్షరాలకు పరాయి ప్రభుత్వం ఆయన్ను రెండేళ్ళు జైల్లో పెట్టింది. స్వాతంత్ర్యం వచ్చాక మిల్లు సమ్మెకు అదే వాక్యం మళ్ళీ అచ్చువేశాడు. ఈసారి మనవాళ్ళే మూడేళ్ళు పెట్టారు. “తెల్లవాళ్ళు పోయారుగా, ఇంకేం కావాలయ్యా?” అని ఇన్‌స్పెక్టర్ గద్దిస్తే, “తెల్ల అని నేనెక్కడ కంపోజ్ చేశానండీ?” అన్నాడట తాత.

విగ్రహం కమిటీ చైర్మన్ ఆ మిల్లు యజమాని మనవడే. ఫలకం చూసుకోవడానికి అతనూ అప్పుడే వచ్చి మా మాట విన్నాడు.

“చిన్న మాటే కదా బామ్మగారూ! చదివేవాళ్ళకి బాగా అర్థమవుతుందని...”

“ఏడే ఉంటే అర్థమైపోతుందనేగా బాబూ నీ భయం!”

అతను నా వైపు చూసి నవ్వి నాయనమ్మతో అన్నాడు. “మీ మనవరాలు ఓకే అన్నాకే చెక్కించాం. చదువుకున్న పిల్ల.”

ఒళ్ళు మండిపోయింది. అతని మీద కన్నా నా మీద నాకే ఎక్కువ. అచ్చుతప్పులు వెతికాను గానీ అబద్ధం వెతకాలని తోచలేదు నాకు.

“ఆ సంతకం వెనక్కి తీసుకుంటున్నానండీ. రేపు కుటుంబం తరఫున మాట్లాడేది నేనే. ఏడక్షరాలో తొమ్మిదో, మైకులో లెక్కపెట్టమంటారా?”

అతని నవ్వు చప్పబడింది. “రాతి మీద చెక్కింది చెరిపేదెలాగమ్మా?”

“చెరపలేం. కొట్టేసి గుంట చెయ్యగలం,” అన్నాడు మేస్త్రి.

“అసహ్యంగా ఉంటుంది,” అన్నాడు చైర్మన్.

“ఉండనీయండి. ఇక్కడేముండేదని జనం అడగాలి. అడిగినవాళ్ళందరికీ నేను చెబుతా,” అన్నాను.

మేస్త్రి చైర్మన్ వంక చూశాడు. చైర్మన్ మోగని ఫోను చెవిన పెట్టుకుని బయటికి నడిచాడు.

నాయనమ్మ వేలు ఇంకా ‘తె’ మీదే ఉంది.

“వేలు తియ్యి మామ్మా, ఉలి తగులుతుంది,” అన్నాడు మేస్త్రి.

తీసింది. “లోతుగా కొట్టు,” అంది.