ఎర్ర మరక

పంట్లాం కుడి తొడ దగ్గర ఎర్ర మరక ఈసారి అరచేయంత ఉంది. విక్టోరియా దాన్ని నూతి గట్టు మీద పరిచి నిమ్మచెక్కతో రుద్దుతూ, మొన్న చాలాసేపే బంతులు వేశారన్నమాట, అనుకుంది. బౌలింగు చేసేవాళ్లు మెరుపు పోకుండా బంతిని పంట్లానికేసి రుద్దుతారు. ఆ తోలు రంగంతా తెల్లగుడ్డకి అంటుకుంటుంది. మోకాళ్ల దగ్గర మట్టి ఉంటే పడి క్యాచి పట్టారని. మరకా మట్టీ లేకుండా చొక్కా వీపు మాత్రం చెమటకి అట్టకట్టి ఉంటే, రోజంతా బ్యాటు పట్టుకుని నిలబడ్డారని. తన భర్త ఎలీయాజరు ఆట ఆమె ఒక్కసారి కూడా కళ్లతో చూడలేదు. ఏలూరులో ఆడవాళ్లు మైదానానికి వెళ్లే అలవాటు లేదు. ఆదివారం బట్టలు ముట్టుకోరు గనక, శనివారం జరిగిన ఆట సోమవారం పొద్దున నూతి దగ్గర ఆమెకి తెలిసేది.

ఎలీయాజరు మిషన్ హైస్కూల్లో డ్రిల్లు మేష్టారు. దొరలు ఆడుతుంటే బంతులు ఏరి ఇచ్చిన చిన్నతనం నుంచి, వాళ్లనే అవుట్ చేసే వయసుకి వచ్చాడు. బెజవాడలో ఆడాడు, రాజమండ్రిలో ఆడాడు, ఆ తర్వాత మద్రాసు నుంచి పిలుపొచ్చింది. పేపర్ల వాళ్లు ఆల్‌రౌండరు అని రాశారు. అంటే ఏమిటని తల్లి మరియమ్మ అడిగితే, "బ్యాటూ నేనే, బంతీ నేనే అమ్మా" అన్నాడు. రెండు పనులు చేసేవాడికి బట్టలూ రెండింతలు మాసేవి.

పెళ్లయిన కొత్తలో ఆ బట్టలు చాకలికే వేసేవారు. ఒక వారం చాకలి రాలేదు. విక్టోరియానే ఉతికి గంజి పెట్టి ఇస్తే, ఆ శనివారం ఎలీయాజరుకి అయిదు వికెట్లు పడ్డాయి. అంతే. "నీ చేత్తో ఉతికితేనే వికెట్లు పడతాయి విక్టోరియా" అన్నాడు. ఆ మాట ఎంత తియ్యగా ఉండేదంటే, డిసెంబరు చలికి వేళ్లు కొంకర్లు పోతున్నా పాట పాడుకుంటూ ఉతికేది. ఆరాధన అయ్యాక మరియమ్మ గుడి మెట్ల మీద నిలబడి, "మా కోడలి చెయ్యి అలాంటిదమ్మా" అని అందరితో చెప్పేది. దూడ మెడలో పలుపు కూడా నిమురుతూనే వేస్తారు. ఆ సంగతి విక్టోరియాకి అప్పుడు తోచలేదు.

ఒకసారి ఆడపిల్లల బడి దొరసానిగారు కబురు పెట్టారు. మూడో తరగతికి టీచరు కావాలి, గుండుగొలను బడిలో బాగా చదువుకున్నావటగా, వస్తావా అని. ఇంట్లో ఎవరూ వద్దనలేదు. "చెయ్యి, నాకేం అభ్యంతరం" అన్నాడు ఎలీయాజరు. "చక్కటి పనేనే అమ్మాయ్" అంది మరియమ్మ. ఆ వెంటనే, "మరి సోమవారం బట్టలూ, శుక్రవారం ఇస్త్రీ ఎలాగ?" అంది. ముగ్గురూ కాసేపు ఆలోచించారు. ఆలోచించినట్టు కనిపించారు. చివరికి వెళ్లి దొరసానిగారికి కుదరదని చెప్పి వచ్చింది విక్టోరియానే.

ఆ మరుసటి ఏడు ఇండియా జట్టులో ఎలీయాజరు పేరు వచ్చింది. సీమకి, అంటే ఇంగ్లండుకి, ప్రయాణం. ఏలూరు స్టేషన్లో దండలు మెడ దాటి గడ్డం దాకా వచ్చాయి. పెట్టెలో పంట్లాలన్నీ ఆమే ఉతికి సర్దింది. రైలు కదిలేముందు అతను కిటికీలోంచి వంగి, "అక్కడెలాగో ఏమిటో" అన్నాడు దిగులుగా. ఆమెకీ నిజంగానే భయం వేసింది. ఆ రాత్రి మోకరించి, ప్రభువా, నా చెయ్యి లేకపోయినా ఆయన పరువు కాపాడు, అని ప్రార్థన చేసింది.

సోమవారం వచ్చింది. దండెం ఖాళీ. నూతి గట్టు మీద కూర్చుంటే చేతులు ఎవరివో అన్నట్టున్నాయి. తొమ్మిదింటికి తల దువ్వుకుని, కూడు వండుతున్న అత్తగారికి చెప్పి, బడికి వెళ్లింది. మూడో తరగతి టీచరు పురిటికి వెళ్లి చోటు ఖాళీగా ఉంది. కొల్లేటి లంకల నుంచి వచ్చిన పిల్లలు బోర్డింగులో ఉండేవారు. వాళ్లలో ఒకమ్మాయి నెల్లాళ్లపాటు నోరు విప్పలేదు. ఒకరోజు విక్టోరియా బోర్డు మీద వరుసగా పిట్టల పేర్లు రాస్తూ గూడబాతు దగ్గర ఆగింది. అది చేపని ఎలా మింగుతుందర్రా, అని అడిగింది. ఆ పిల్ల చటుక్కున లేచి, మెడ సాచి, నోరు తెరిచి చూపించింది. క్లాసంతా నవ్వింది, ఆ పిల్ల కూడా. ఆ సాయంత్రం ఇంటికి నడిచి వస్తుంటే, ఒళ్లంతా తేలిగ్గా ఉందెందుకో విక్టోరియాకి అర్థం కాలేదు. ఇల్లు దగ్గరపడ్డాక అర్థమైంది. ఇది ఎవరి బట్టల మీదో చూసి తెలుసుకున్న సంతోషం కాదు.

వానలు పడుతుండగా హెడ్మాస్టరు జ్ఞానయ్యగారు పేపరు పట్టుకుని పరుగున వచ్చారు. లండను టెస్టు మ్యాచిలో ఎలీయాజరుకి ఆరు వికెట్లు, పైగా ఎనభై పరుగులు! మరియమ్మ వీధంతా బెల్లం పంచింది. విక్టోరియా కూడా ఆనందంతో కళ్లు తుడుచుకుంది. తుడుచుకున్నాక ఒక ప్రశ్న మిగిలింది. చిన్నదే, కానీ గొంతులో చేపముల్లులా అక్కడే ఉండిపోయింది.

చలి మొదలయ్యే రోజుల్లో ఎలీయాజరు తిరిగి వచ్చాడు. రంగు తేలి, కాస్త ఒళ్లు చేసి, బూట్లు కిర్రుకిర్రుమనిపిస్తూ. సాయంత్రం వాకిలి నిండా జనం. ఓడ గురించి అడిగారు, మంచు గురించి అడిగారు. "ఆ ఆరో వికెట్టు ఎలా పడిందో చెప్పవయ్యా" అన్నారు జ్ఞానయ్యగారు. అతను లేచి చెయ్యి తిప్పి చూపించాడు. అందరూ చప్పట్లు కొట్టారు.

గుమ్మం పక్క నిలబడ్డ విక్టోరియా మెల్లగా అడిగింది. "ఏవండీ, అక్కడ బట్టలెవరు ఉతికేవారండీ?"

వాకిలంతా గొల్లున నవ్వింది. "ఆడవాళ్ల బుద్ధి చూశారా, సీమకి పోయినా చాకిరేవు వదల్దు!" అన్నారెవరో.

ఎలీయాజరు కూడా నవ్వాడు. "రాత్రి గది బయట పడేస్తే పొద్దున్నకల్లా మడతలు పెట్టి ఉండేవి. ఎవరు ఉతికారో ఎవడికి తెలుసు?"

గొంతులో ముల్లు జారిపోయింది. విక్టోరియా నవ్వింది, అందరికంటే ఆలస్యంగా, అందరికంటే ఎక్కువసేపు.

భోజనాలప్పుడు అతను అసలు సంగతి చెప్పాడు. ఉత్తరాదిన ఒక సంస్థానం రాజావారు తన జట్టులో ఉద్యోగం ఇచ్చారు. వచ్చే వారం ప్రయాణం. "నువ్వూ సర్దుకో. అక్కడ చాకళ్లు పదిమంది ఉన్నా నా పంట్లాలు మాత్రం నీ చేతి మీదే" అన్నాడు ప్రేమగానే.

ఆమె కొర్రమీను ముక్క అతని కంచంలో వేసింది.

పొద్దున పెట్టెలోని పంట్లాలు నూతి దగ్గర కుప్పగా ఉన్నాయి. పైదాని మోకాలి మీద పచ్చటి మరక. సీమ గడ్డిది కాబోలు. ఎర్ర మరకలు ఎరుగును గానీ పచ్చ మరక ఆమె ఎప్పుడూ చూడలేదు. ముచ్చటగా వేలితో తడిమి చూసింది. మళ్లీ కుప్ప మీదే పెట్టేసి, బడి చీర కుచ్చెళ్లు సవరించుకుని, గొడుగు తీసుకుంది.

"ఎక్కడికే?" అన్నాడు ఎలీయాజరు, పందుంపుల్ల నోట్లోంచి తీసి.

"బడికండీ. ఆ టీచరమ్మ ఇక రానందిట. చోటు నాకే ఖాయం చేశారు. మీరు ఆటకి వెళ్లి రండి. వేసవి సెలవులకి నేనొస్తాను."

"అదేమిటి? మరి ఇవి?"

"చాకలికి వెయ్యండి. లేదా నిమ్మచెక్కలు చూరు కింద బుట్టలో ఉన్నాయి."

అతను కోప్పడదామనుకుని, ఎందుకో పసివాడిలా చూశాడు. "మరి వికెట్లో?"

"లండనులో పడ్డాయి కదండీ."

పొయ్యి దగ్గర మరియమ్మ ఫక్కున నవ్వింది. "అడిగావుగా, చెప్పిందిరా. నీకూ రెండు చేతులున్నాయిగా, బంతి పట్టడానికి మాత్రమే ఇచ్చాడా ప్రభువు?"

విక్టోరియా గడప దాటింది. మలుపు దగ్గర ఉండగా వెనక నూతి గిలక కిర్రుమంది. ఎవరు తోడుతున్నారో ఆమె తిరిగి చూడలేదు. మొదటి గంట కొట్టేలోపు బోర్డు తుడుచుకోవాలి.