పెట్టెలో వెళ్లిన మధ్యాహ్నం

ఫిలిప్పీన్స్ నుంచి వచ్చిన లుజ్‌కి మంగళవారం సెలవు. షార్జా సెలూన్‌లో వారమంతా పరాయివాళ్ల కాలిగోళ్లు తీర్చిదిద్ది, ఆ ఒక్కరోజు తన కాళ్లు చాపుకుంటుంది. ఏళ్ల తరబడి బంకు మంచం మీద, కర్టెన్ చాటున, నలుగురి గురకల మధ్య బతికిన మనిషి. కరోనా తర్వాతే ధైర్యం చేసి అల్ నహ్దాలో ఒక్కతే ఉండేలా గది తీసుకుంది. కాఫీ, కొరియన్ సీరియల్, గోడవైపు తిరిగి ఓ నిద్ర. అంతకుమించి ఆమెకేమీ అక్కర్లేదు.

ఆ గదిలో మంగళవారం మధ్యాహ్నం లుజ్ లేచేదాకా గడిచేది కాదు. ఊరంతా లైట్లు వేసుకున్నా, ఆమె మంచం మీద దుప్పటిని పట్టుకుని ఎండ అలాగే ఉండిపోయేది. బిల్డింగ్‌లో అందరికీ అది మామూలే. పక్కగది మాణిక్యం, ఇళ్లలో వంట చేసే నర్సాపురం మనిషి, ఆ ఎండలోనే వడియాలు పెట్టుకునేది.

ఓ రోజు ఊర్నుంచి అక్క కొరజోన్ ఫోన్ చేసింది.

"ఒక్కదానివి, నీకు గదెందుకే? చిన్నాన్న కూతురు విజిట్ వీసా మీద వస్తోంది. వెనకే ఇంకో ఇద్దరు. బంకు మంచాలు వేయించు."

తల్లి పోయాక లుజ్‌ని పెంచింది ఆ అక్కే. ఆమెకి కాదని చెప్పే నోరు లుజ్‌కి లేదు. "అలాగే ఆటే" అంది. ఆటే అంటే వాళ్ల భాషలో అక్క. ఫోన్ పెట్టేసి చాలాసేపు ఏడ్చింది.

గల్ఫ్‌లో ఏ ఫిలిప్పీన్స్ మనిషి గదిలో చూసినా ఓ మూల పెద్ద అట్టపెట్టె ఉంటుంది. సబ్బులు, చాక్లెట్లు, డబ్బా మాంసం నెలల తరబడి నింపి ఓడలో ఇంటికి పంపుతారు. అందులో వేలు దూరే సందు మిగిలినా వాళ్లకి మనసొప్పదు. ఆ ఫోన్ తర్వాతి మంగళవారం కార్గోవాడు గుమ్మంలో నిలబడి "యల్లా సిస్టర్!" అని తొందరపెడుతుంటే పెట్టెలో ఓ పక్క ఖాళీ కనిపించింది. లుజ్ చేతికందిన మంచం మీది దుప్పటి లాగి, కుక్కి, టేపు వేసేసింది.

గదిలో దబ్బున చీకటి పడింది. సగం ఎండిన వడియాల పళ్లెంతో మాణిక్యం నిలబడిపోయింది.

"ఏంటే లుజ్, అప్పుడే పొద్దుగూకిపోయిందేంటి?"

"దుప్పటితో పాటు వెళ్లిపోయింది అక్కా."

"ఓసి పిచ్చిదానా! నీకంటూ ఉన్నది అదొక్కటే కదే. దాన్ని కూడా పంపేశావా?"

ఆ తర్వాత మంగళవారాలు కన్నుమూసి తెరిచేలోగా అయిపోయేవి. లుజ్ ఒళ్లు విరిగిన అలసటతో పనికి వెళ్లేది, అదే అలసటతో తిరిగొచ్చేది. బంకు మంచాలకి బేరం కూడా ఆడొచ్చింది.

పెట్టె చేరిన రోజు కొరజోన్ వీడియో కాల్ చేసింది. జుట్టు విరబోసుకుని కుర్చీలో కూర్చుని ఉంది. అక్క ఊరికే కూర్చోవడం లుజ్ పుట్టి బుద్ధెరిగాక చూడలేదు.

"దుప్పటి దులిపితే ఇల్లంతా మధ్యాహ్నం అయిపోయింది లుజ్. ఇలా కూలబడ్డాను. ఎంతసేపైనా పొద్దు కదల్లేదు, నన్నెవరూ పిలవలేదు. ఒంటరిగా ఉండటమంటే ఇదా? నాకెప్పుడూ చెప్పలేదేం?"

లుజ్ దుప్పటి లేని తన మంచం వైపు చూసింది.

"ఆ పిల్లలకి వేరేచోట మంచాలు చూడు. నీ గదిలోకి ఎవర్నీ రానీకు. వెనకగది ఇకమీద నాదని ఇక్కడ ఇంట్లోవాళ్లకి నేనూ చెప్పేశాను." తర్వాత కొంచెం సిగ్గుపడుతూ అంది, "దుప్పటి మాత్రం తిరిగి పంపను."

"ఉంచుకో ఆటే" అంది లుజ్. ఇన్నేళ్లుగా ఎన్నో పెట్టెలు పంపింది గానీ, అక్కకి మనసారా ఏదైనా ఇచ్చింది ఇదే మొదటిసారి.