చెవిటి కాపలా

ఐదో కుర్చీ చేతికి నూనె పట్టిస్తుండగా కాపలాదారు వెనక ఇత్తడి పళ్ళెం ఒకటి నేలమీద పడింది. గిర్రున తిరిగి, గోడకు కొట్టుకుని, అప్పుడు ఆగింది. అతని భుజం కదల్లేదు. గుడ్డ ఎటు పోతోందో అటే పోయింది. ముప్ఫై ఒక్కేళ్ళ సాధన మరి.

పడేసింది కొత్త కార్యదర్శి అని చూడకుండానే తెలుసు. ఆయన ఎడమ చెప్పు కిర్రుమంటుంది. వారం రోజులుగా ఆ కిర్రు అతని వెనకాలే తిరుగుతోంది.

అది సోదరుల మందిరం. రెండు వందల ఏళ్ళ కిందట తాళాలు చేసేవాళ్ళు పెట్టుకున్న సంఘం. తాళం గుట్టు బయటికి పొక్కితే పొట్ట కొట్టుకున్నట్టే కదా, అందుకని తలుపులు మూసుకుని, ప్రమాణాలు చేసుకుని, అన్నా అని పిలుచుకుంటూ కూర్చునేవారు. ఇప్పుడు వాళ్ళలో తాళం చేసేవాడు ఒక్కడూ లేడు. పళ్ళ డాక్టరు, వకీలు, బట్టల కొట్టాయన, అలాంటివాళ్ళు తొమ్మిదిమంది, వాళ్ళ మీద పెద్దన్న. పని పోయింది, గుట్టు మిగిలింది. పూర్వం ఒక కాపలావాడు తలుపుకు చెవి ఆనించి విన్నదంతా బయట అమ్ముకున్నాడట. అప్పట్నించి తలుపు దగ్గర చెవిటివాడే ఉండాలని నియమం. పిలవడానికి ఒక తాడు. ఒక కొస లోపల పెద్దన్న చేతిలో ఉంటుంది. తలుపు కన్నంలోంచి బయటికి వచ్చే కొస కాపలాదారు మణికట్టుకు ఉంటుంది. ఒకసారి లాగితే తలుపు తియ్యాలి, రెండుసార్లు లాగితే నీళ్ళు తేవాలి.

చిక్కల్లా ఒక్కటే. ఇతను చెవిటివాడు కాడు.

పనికోసం వచ్చిన రోజున రెండు చెవులూ చీముపట్టి దిబ్బడేసి ఉన్నాయి. పెద్దన్న ఇతని చెవి పక్కన గంట మోగించి చూసి, సంతోషంగా భుజం తట్టాడు. పదిరోజులకు చెవులు విచ్చుకున్నాయి. చెప్పేద్దామనే అనుకున్నాడు. అప్పటికే వెనక గది ఇచ్చారు, భార్య పొయ్యి వెలిగించింది. రేపు చెబుదాం అనుకున్నాడు. ఆ రేపటికి ముప్ఫై ఒక్కేళ్ళు.

విన్నదాంట్లో ఒక్క ముక్క బయట పెట్టలేదు. భార్య ఒకసారి అడిగింది, "లోపల ఏం చేస్తారయ్యా అంతసేపూ?" అని. "ఏముందే, లేస్తారు, కూర్చుంటారు" అన్నాడు. అంతే.

ఆరో కుర్చీ దగ్గర చెప్పు మళ్ళీ కిర్రుమంది. ఈసారి మాట వచ్చింది, చాలా మామూలుగా, పక్కవాడితో చెప్పినట్టు.

"పాపం, వీడి పెళ్ళాం మెట్లమీద జారిపడిందట. తల పగిలిందట."

చెయ్యి ఆగలేదు. ఆ కుర్చీ పూర్తిచేశాడు. ఏడోదీ పూర్తిచేశాడు. నూనె గిన్నె మీద మూత పెట్టి, గుడ్డ మడిచి, మెల్లగా పెరటివైపు నడిచాడు. తలుపు దాటాక పరుగెత్తాడు.

భార్య గిన్నెలు తోముతోంది.

అతను కుళాయి పూర్తిగా తిప్పాడు. ఆ ఇంట్లో మాటలన్నీ కుళాయి హోరు కిందే. "నువ్వు పడ్డావన్నాడు" అన్నాడు, రొప్పుతూ.

"నేను పడితే నేల ఏడవాలి గానీ నువ్వెందుకు ఏడుస్తున్నావు?" అంది. తర్వాత నవ్వు ఆపేసి, "వాడు వదిలేలా లేడయ్యా. ఇవాళ సభలో ఏం వినపడినా కదలకు. ఈ వయసులో ఇంకో గది ఎక్కడ వెతుక్కుంటాం?" అంది.

మధ్యాహ్నం మూడింటికి సోదరులు వచ్చారు. వరండాలో కార్యదర్శి పెద్దన్న గొంతును అనుకరించి, ఆ దగ్గు, ఆ సాగదీత అచ్చు దించేసి అందరినీ నవ్వించాడు. కాపలాదారు నవ్వలేదు. నవ్వే హక్కు అతనికి లేదు.

తాడు మణికట్టుకు తగిలించుకుని స్టూలు మీద కూర్చున్నాడు. ఇవాళ మౌనపు సభ. పోయిన సోదరుల్ని తలుచుకుంటూ తొమ్మిదిమందీ కళ్ళకు గుడ్డ కట్టుకుని, చెవుల్లో దూది పెట్టుకుని అరగంట కూర్చుంటారు. పెద్దన్న ఒక్కడే కళ్ళు తెరుచుకుని, సంఘం ఇనప తాళంచెవి పట్టుకుని, తలుపు పక్క కుర్చీలో ఉంటాడు. ఆయన వచ్చి భుజం తట్టేదాకా ఎవరూ కదలకూడదు.

కాసేపటికి లోపల కుర్చీ కదిలింది. ఎవరిదో ఊపిరి గీరుకుంటున్నట్టు వచ్చింది.

"ఒరేయ్... నీళ్ళు."

పెద్దన్న గొంతే. లేక వరండాలో విన్న గొంతా? తాడు వంక చూశాడు. తాడు కదల్లేదు. ఇది మూడో పరీక్ష, అనుకున్నాడు. ఉచ్చులో కాలు పెట్టడానికి నేనేం పిచ్చివాణ్ణా?

"నీళ్ళు" అంది గొంతు మళ్ళీ, ఇంకా చిన్నగా.

భార్య మాట గుర్తుచేసుకున్నాడు. గోడ మీద పగులు చూస్తూ కూర్చున్నాడు. ఒక నిమిషం, రెండు నిమిషాలు.

అప్పుడు లోపల నేలమీద ఇనుము పడింది. గొంతును ఎవడైనా దించుతాడు. ఆ తాళంచెవి మాత్రం పెద్దన్న చేతిలోంచి ముప్ఫై ఒక్కేళ్ళలో ఒక్కసారీ జారలేదు.

అతను తాడు ముడిలోంచి చెయ్యి లాగేసుకుని, నీళ్ళ చెంబుతో తలుపు తోశాడు.

తొమ్మిదిమంది కళ్ళు మూసుకుని, చెవులు మూసుకుని, బొమ్మల్లా కూర్చున్నారు. పెద్దన్న కుర్చీలో ఒకపక్కకు ఒరిగిపోయాడు. తాడు కొస ఆయన పాదాల దగ్గర పడి ఉంది. కాపలాదారు మోకాళ్ళమీద కూర్చుని తల ఎత్తిపట్టి నీళ్ళు తాగించాడు. ఒక గుక్క లోపలికి పోయింది, మిగతాది గడ్డం మీదుగా కారింది.

"ఆలస్యం చేశావేంరా" అన్నాడు పెద్దన్న. "ఎప్పుడూ నేను దగ్గితే చాలు, తాడు లాగకముందే నీళ్ళు తెచ్చేవాడివి."

కాపలాదారు చేత్తో ఆయన గడ్డం తుడిచాడు.

"నాకు ఎప్పట్నించో తెలుసులే" అన్నాడు ఆయన. కాపలాదారు చేతిలో ఆయన తల ఒక్కసారిగా బరువెక్కి వాలిపోయింది.

తలుపు గాలి మొహానికి తగిలి కార్యదర్శి గుడ్డ లాగేశాడు, దూది తీశాడు. ఆయన భుజాలు తడుతూ పోతే ఒక్కొక్కరే లేచారు. పళ్ళ డాక్టరు వచ్చి నాడి చూసి, చెయ్యి మెల్లగా ఒళ్ళో పెట్టేశాడు.

"నిన్నెవరు పిలిచారు?" అన్నాడు కార్యదర్శి, కాపలాదారు వీపు వెనక నుంచి.

"పెద్దన్న పిలిచాడండీ" అన్నాడతను, వెనక్కి తిరక్కుండానే.

"తాడు లాగాడా?"

"లేదండీ. నోటితో పిలిచాడు."

తొమ్మిదిమందీ వేళ్ళ మధ్య దూది పట్టుకుని నిలబడిపోయారు.

"మొదటిసారి పిలిచినప్పుడే రావలసింది" అన్నాడు అతను. "తమరేమో అనుకుని కూర్చున్నానండీ."

కార్యదర్శి చెప్పు కిర్రుమనలేదు.

పొద్దు వాలకముందే గది ఖాళీ చేశారు. పొమ్మని ఎవరూ అనలేదు, ఉండమనీ అనలేదు. సామాను రెండు మూటలు, ఒక పెట్టె. భార్య ఆఖరున కుళాయి కట్టేసి, "ఇప్పుడు చెప్పు, ఎటు పోదాం?" అని గట్టిగానే అడిగింది. ఆ నిశ్శబ్దంలో ఆమె గొంతు ఇంత సన్నగా ఉంటుందని అతనికి అప్పుడే తెలిసింది.

మందిరం తలుపు కన్నంలోంచి తాడు కొస అలాగే వేలాడుతోంది. దాని ముడి ఎవరూ విప్పలేదు. అతని మణికట్టంత గుండ్రంగా, ముప్ఫై ఒక్కేళ్ళ చెమటకు నల్లబడి ఉంది.