అద్దంలో మొహం

జోకుకి నవ్వు అతికించాడు. చప్పగా ఉంది. నిరుడు మరెవరి జోకుకో పడిన నవ్వు తెచ్చి వేశాడు. ఇప్పుడు పేలింది.

టీవీ ఛానల్లో ఎడిటరు ఆయన, అందరూ కత్తెర అంటారు. వంటల కార్యక్రమంలో మాడిన కూరని మాయం చేసేది ఆయనే. సీరియల్లో అత్తగారి చూపుని మూడుసార్లు తిప్పేదీ ఆయనే. పాటలు, ఆటలు, ఎన్నికలు, అంత్యక్రియలు, ఏది పడేసినా కాదనడు. బట్టతల, వంగిన వీపు, తెర వెలుగులో నీలంగా కనిపించే బుగ్గలు. పొద్దుటినుంచి ఎడమ భుజంలో సలుపు. మధ్యమధ్య దాన్ని నొక్కుకుంటూ పని చేస్తున్నాడు.

మధ్యాహ్నం వార్తల ప్రొడ్యూసరు వచ్చింది. కూతురి వయసు పిల్ల.

"బాబాయ్, గోదాము హత్య. చూసిన వాచ్‌మన్ మాట్లాడాడు. మొహం కనిపించకూడదని చేతులు పట్టుకుని బతిమాలాడు. ఆరింటి వార్తల్లో వేస్తున్నాం."

"చంపినవాడు దొరికాడా?"

"దొరికితే మొహం దాచడం ఎందుకు?"

మొహానికి మసక వేశాడు, గొంతు మార్చాడు, వార్తలు ప్రసారం చేసే పై అంతస్తుకి పంపాడు. ఇంతలో భార్య ఫోను.

"డాక్టరు ఆరింటికి రమ్మన్నాడు. బయల్దేరారా?"

"దారిలో ఉన్నాను."

"అంటే కుర్చీలోంచి ఇంకా లేవలేదన్నమాట."

నవ్వుతూ లేచి, నిలబడే ఆ వీడియోని మరోసారి వేసి చూశాడు. మనిషిని వదిలేసి మూలలు వెతకడం ఆయన పద్ధతి. వాచ్‌మన్ పక్కన అద్దాల బీరువా ఉంది. కత్తి పట్టినవాణ్ణి గుర్తుపడతానంటూ అతను అటు తిరిగాడు. బీరువా అద్దంలో అతని మొహం. చెంప మీది పుట్టుమచ్చతో సహా.

ఆయన మళ్ళీ కూర్చున్నాడు. ప్రొడ్యూసరుకి ఫోను చేశాడు.

"అమ్మాయ్, దాన్ని ఆపు. అద్దంలో మొహం పడింది."

"మొదటి వార్తే అది బాబాయ్. రెప్పపాటులో అద్దంలోకి ఎవరు చూస్తారు?"

"నువ్వూ నేనూ చూడం. ఆ మొహం కోసమే కూర్చున్నవాడు చూస్తాడు."



"ఆ ముక్క కోసేస్తే?"

"అతను చెప్పిన అసలు మాట అదే. కోస్తే ఇంకేం మిగిలింది? కొత్తది పంపుతాను. మీ పిన్ని ఫోను చేస్తే దారిలో ఉన్నానని చెప్పు."

ఒక్కో ఫ్రేములో మొహం వెంట్రుకవాసి జరుగుతోంది. దాని వెంటే మసకనీ జరపాలి. ఒక్క ఫ్రేము తప్పినా చాలు, ఎవడైనా అక్కడ ఆపి తీరిగ్గా చూసుకోవచ్చు. నొప్పి భుజం దిగి ఛాతీలోకి వచ్చింది. తెర అలుక్కుపోతోంది. కళ్ళు తుడుచుకున్నాడు. పుట్టుమచ్చ పోయింది. మరో ఫ్రేము. మరొకటి.

పంపాక పైకి ఫోను చేశాడు. "పాతది చెరిపెయ్యండి."

"చూస్తాం సార్."

"చూడ్డం కాదు. చెరిపేశామని చెప్పండి."

"చెరిపేశాం" అన్న మాట వినేదాకా ఫోను చెవినుంచి తియ్యలేదు.

ఆరింటి వార్తల్లో వాచ్‌మన్ బీరువా వైపు తిరిగాడు. అద్దంలో మబ్బులాంటి మరక తప్ప ఏమీ లేదు.

ప్రొడ్యూసరు ఊపిరి పీల్చుకుని కిందికి వచ్చింది.

"గండం గడిచింది బాబాయ్. ఇక మీరు నిజంగానే బయల్దేరండి."

ఆయన బల్ల మీద తల ఆనించి ఉన్నాడు. భుజం తట్టింది. రెండోసారి తట్టలేదు. బల్ల మీద ఫోను మోగుతోంది. దాన్ని తియ్యడానికి ఆమెకి చెయ్యి రాలేదు.

ఆయన్ని తీసుకెళ్ళిపోయాక కూడా ఏసీ ఎవరూ కట్టెయ్యలేదు. ఆ చలిగదిలో ఏనాడూ విప్పని బూడిదరంగు స్వెటరు, చెమటకి తడిసి కుర్చీకి వేలాడుతోంది. దాని ఖాళీ చెయ్యి ఒకటి గాలికి మెల్లగా కదులుతోంది.