జానమ్మ అడిగిన గుర్తు

జానమ్మ చాయ్ గ్లాసులు కడిగి బోర్లించేలోపే అరుగు మీద నుంచి మళ్లీ కేక వచ్చింది. "ఏమే, ఇంకో దఫా పెట్టు. ప్రెసిడెంట్ సాబ్ వచ్చిండు."

కేకేసింది భర్త గుర్వయ్య. సహకార బ్యాంకు డైరెక్టర్ల ఎన్నికల నిబంధనలకు అక్కడ అర్థాలు చెప్పుకుంటున్నారు. చెప్పేవాళ్లంతా మగవాళ్లు, మంచాల మీద ఉన్నారు. ఎవరి గురించి చెబుతున్నారో ఆ మనిషి పొయ్యి దగ్గర ఉంది.

మహిళా స్థానానికి రెండు పేర్లు పడ్డాయి. ఒకటి బ్యాంకు ప్రెసిడెంట్ సతీశ్ భార్య మమతది, రెండోది జానమ్మది. జానమ్మ పేరు వేయించింది గుర్వయ్య. బేరానికే వేయించాడు. బేరం కుదిరింది. జానమ్మ తప్పుకుంటే మమత ఏకగ్రీవం, ఈసారి తానూ డైరెక్టరుగా నిలబడ్డ గుర్వయ్య వైస్ ప్రెసిడెంట్.

"పోటీల ఉన్నోళ్లే వచ్చి అధికారి ముందట సంతకం పెట్టాలె అని ఉన్నది గురన్నా," అన్నాడు సతీశ్.

"ఇంటాయన పోతే ఇంటామె పోయినట్టే గద. దీనికి గంత సదువెందుకు?"

అందరూ నవ్వారు. జానమ్మ చాయ్ వడగట్టింది.

ఆ మాట ఆమెకు కొత్త కాదు. పోయిన దఫా ఆమె డైరెక్టరే. మీటింగులకు మాత్రం గుర్వయ్య పోయేవాడు. తీర్మానాల పుస్తకం ఇంటికి తెచ్చేవాడు, రొట్టెల పిండి చేతిని కొంగుకు తుడుచుకుని ఆమె సంతకం పెట్టేది. అందులో ఏముందని అడిగితే "నీకు సమజ్ గాదు" అనేవాడు. ఒక్కసారి మొండికేసి తానే పోయింది. కుర్చీ లాక్కోకముందే సతీశ్ "వదినా, ఎట్లయినా వచ్చినవ్ గద, జర అందరికీ చాయ్ అందియ్యి" అన్నాడు. అందించింది. మీటింగ్ అయ్యేదాకా ఖాళీ గ్లాసులు పట్టుకుని గోడకు ఆనుకుని నిలబడింది. ఇంటికొస్తే అత్త, "మొగడు పేరు ఎక్కిచ్చిండు, గది సాలదా?" అంది. ఎవరి గొర్రో తెలియడానికి చెవికి గాటు పెడతారు. తన పేరు కూడా అలాంటి గాటేనని ఆ రోజు జానమ్మకు అర్థమైంది.

మర్నాడు పొద్దున బ్యాంకుకు పోయిన గుర్వయ్య మధ్యాహ్నానికి మండిపోతూ తిరిగొచ్చాడు.

"ఆ అధికారి మేడంకు ఎచ్చులెక్కువ. నేను పనికి రానంట. చీర మార్చుకో, మూడు గంటల లోపల పోవాలె."

"గ్లాసులు కడిగి వస్త."

"గ్లాసులు యాడికి పోతయి? నడువ్. ఆడ నోరు తెరవకు."

కాలువ గట్టు పొడవునా బండి మీద అతను వైస్ ప్రెసిడెంట్ గది గురించే మాట్లాడాడు.

ఎన్నికల అధికారి ఉమారాణి జానమ్మకు కుర్చీ చూపింది. గుర్వయ్య ఇంకోటి లాక్కున్నాడు.

"మీరు బయట ఉండండి."

"నేను ఆమె భర్తను మేడం."

"అందుకే చెప్తున్న."

తలుపు మూసుకుంది. ఉమారాణి కాగితం, పెన్ను ముందుకు జరిపింది. "అమ్మా, పేరు వెనక్కి తీసుకునుడు మీ ఇష్టమేనా?"

ఇష్టం. కూరలో ఉప్పు ఎక్కువైందని చెప్పారు, చీర రంగు బాగాలేదని చెప్పారు, ఏ గుడికి ఎప్పుడు పోవాలో చెప్పారు. అడిగినవాళ్లు లేరు. జానమ్మ పెన్ను పట్టుకుంది. సంతకం పెట్టకపోతే ఇంటికి పోయాక అతను అరుస్తాడు. కంచం విసురుతాడు. పదిమందిలో పరువు తీశావంటాడు. అంటే, రోజూ ఉన్నదే. సంతకం పెట్టిన ఏ రోజున అరవకుండా ఉన్నాడు? ఇన్నేళ్లు దేనికి భయపడిందో అది ఇన్నేళ్లూ జరుగుతూనే ఉంది. అది తెలియగానే ఆమెకు నవ్వొచ్చింది. కరిచే చెప్పులు గడప దగ్గర విప్పినట్టయింది. పెన్ను బల్ల మీద పెట్టింది.

"కాదు మేడం. నేను తీసుకోను."

బయట నుంచి తలుపు మీద గుర్వయ్య చేయి పడింది. ఉమారాణి అటు చూడలేదు. "మూడు దాటినంక గుర్తులిస్తం. అందాక కూసోండి."

జానమ్మ కూర్చుంది. వీపు ఆనించి కూర్చుంది. చేతిలో గ్లాసు లేదు.

మూడు దాటింది. "కప్పు సాసరు, గొడుగు, కుర్చీ ఉన్నయి. ఏది గావాలె?"

జానమ్మ ఆలోచించలేదు. "కుర్చీ."

బయటికి రాగానే గుర్వయ్య ఎదురొచ్చాడు. "సంతకం పెట్టినవా?"

"పెట్టలే. నాకు కుర్చీ గుర్తిచ్చిన్రు."

"పిచ్చి లేసిందా నీకు? సతీశ్‌కు ఏం జెప్పాలె నేను? నడువ్ ఇంటికి!"

"నువ్ నడువ్," అంది జానమ్మ, కొంగు సర్దుకుంటూ. "గ్లాసులు గట్లనే ఉన్నయి, కడుగు. నేను వాడవాడకు పోయి ఓట్లడిగొస్త."